ఆపకుండా వదిలేసిన మైకు

తొమ్మిదేళ్లుగా ఒక స్త్రీ గొంతును మోస్తున్నాను. ప్రతి ఆదివారం చర్చి సంఘంలో పాపాలు ఒప్పుకునే వేళ అందరితో పాటు తల వంచుతాను. దీన్ని మాత్రం దాటేస్తాను. మీకు నేనెవరో తెలియదు, అందుకే మీకు చెబుతున్నాను.

బెంగళూరులో చిన్న సినిమాలు తీసి, నేనే ఎడిట్ చేసుకుంటాను. బొమ్మసంద్రలో ఫ్యాక్టరీ యంత్రంలో పడి చనిపోయిన ఒక కార్మికుడి గురించి డాక్యుమెంటరీ తీస్తూ ఆయన భార్యతో మాట్లాడాను. ఇక్కడ రత్నమ్మ అంటాను. మాటలు అయ్యాక కెమెరా ఆపేసి, గది నిశ్శబ్దాన్ని అర నిమిషం విడిగా రికార్డు చేస్తాం, ఎడిటింగ్‌లో అతుకులు తెలియకుండా. ఆ రికార్డింగ్ నడుస్తోంది. ఆమె టీ గ్లాసు నా ముందుకు జరిపింది.

“సల్లారిపాయ, తాగప్పా. ఆ ఒంటికన్ను దాన్ని మూసినావా?”

“మూసేశానమ్మా.”

“అయితే ఒగ మాట. ఆ పొద్దు ఆయప్పకు జరం. పోలేనన్నాడు. లీవు పెడితే పని పోతాదని నేనే తిట్టి తోలితి. మా పాపకు తెలీదప్పా. తెలిస్తే నా మొగం సూడదు.”

కెమెరా మూసిన మాట నిజమే. మైకు సంగతి ఆమె అడగలేదు కదా! ఎంత తెలివైన నీచత్వం. రికార్డరు మీదే ఉంది నా వేలు. నొక్కలేదు.

ఎడిటింగ్‌కు కూర్చునే ముందు మోకరించాను. మనసు నెమ్మదించింది. దేవుడు సరేనన్నాడనుకున్నాను. ఛీ! నాకు కావలసిన జవాబును నేనే కత్తిరించి అతికించుకుని, దానికి ఆయన పేరు పెట్టాను. నల్లటి తెర మీద ఆ గొంతును మాత్రం వినిపించాను. సత్యం కదా, దాచడం పాపం కదా అని నాకు నేనే ప్రసంగం చేసుకున్నాను.

మొదటి ప్రదర్శనకు తల్లీకూతుళ్లను నేనే పిలిచాను. ముందు వరసలో కూర్చోబెట్టాను. ముందుగా చూపిస్తే వద్దంటుందని తెలుసు, అందుకే చూపించలేదు. ఆ గొంతు వినబడగానే కూతురు తల్లి చెయ్యి విదిలించుకుని బయటికి వెళ్లిపోయింది. హాలంతా చప్పట్లు కొట్టింది. రత్నమ్మ నా వైపు చూడనైనా లేదు. ఆ పిల్ల ఈ రోజుకీ ఆ ఇంటి గడప తొక్కలేదని విన్నాను.

సినిమాకు బహుమతి వచ్చింది. సంఘంలో నిలబడి సాక్ష్యం చెప్పాను, దేవుడు నన్ను హెచ్చించాడని. అందరూ హల్లెలూయ అన్నారు. వాళ్ల మీదా నాకు కోపమే. అంత రహస్యం నీకెలా దొరికింది బ్రదర్ అని ఒక్కరూ అడగలేదే! అడిగితే మాత్రం చెప్పేవాడినా? ఆ తర్వాత నాకు దొరికిన ప్రతి పనీ ఆ గొంతు తెచ్చిపెట్టిందే. ఒకసారి ఆమె వీధి దాకా వెళ్లాను. తలుపు కనబడగానే వెనక్కి తిరిగాను, పిరికివాడిని.

క్షమాపణ అడగడం లేదు. అది ఇవ్వగలిగిన మనిషి బొమ్మసంద్రలో ఒంటరిగా ఉంది.

మూసేశానన్నాను. మైకు ఆపలేదు. ఈ రెండు మాటల్నీ తొమ్మిదేళ్లకు, మధ్యలో ఏదీ కత్తిరించకుండా పక్కపక్కన పెట్టాను. గుండె కొంచెం తేలికైంది. ఆమెది తేలిక కాలేదు. అందుకే ఈ తేలికతనం మీద కూడా నాకు మండిపోతోంది.