మాస్టారి ఆవలింతలు

ట్యూషన్ మాస్టారు కడుపులో దాచుకున్న ఆవలింతలన్నీ ఒక్కసారి వదిలితే, వీధిలోని రేకుల కప్పులన్నీ లేచిపోయి పక్క ఊళ్లో పడతాయి.

ఆ ఉదయం ఆయన "స్టైఫిల్" అనే ఇంగ్లీషు క్రియ చెబుతున్నారు. "మన ఆవలింత ఆపుకున్నా స్టైఫిలే, ఎదుటివాళ్ల గొంతు నొక్కినా స్టైఫిలే."

అంతలో వంటింట్లో భార్య కూనిరాగం అందుకుంది. ఆయన అలవాటు కొద్దీ స్కేలుతో గోడ మీద టకటకా కొట్టారు. రాగం తెగిపోయింది.

"ఇదీ ఆ మాటేనాండీ?" అని ఆమె లోపలినుంచే అడిగింది.

పిల్లలు కిసుక్కుమన్నారు. మాస్టారికి తల కొట్టేసినట్టయింది. గుమ్మం దాకా వెళ్లి, "పాడుకోవే," అని నసిగారు.

"తర్వాతి ముక్క రాదు. ఇన్నేళ్లలో అక్కడిదాకా ఎప్పుడు పోనిచ్చారు గనక?"

ఆయన తల వంచుకుని తిరిగొచ్చారు.

"ఆపుకోవడంలో మా సారుని మించినోళ్లు లేరు!" అంది ఓ గడుగ్గాయి పిల్ల.

"ఆపుకోలేదమ్మా," అన్నారాయన. "ఆపాను."