కిటికీ వైపు చూసే మనిషి

దయ్యాల మీద నాకు నమ్మకం లేకపోవడానికి కారణం మా నాన్న. ఆయన అవనిగడ్డ దగ్గర ఒక పల్లెలో పాస్టరుగా చేశారు. ఎవరికో గాలి సోకిందని మోసుకొస్తే ముందు జ్వరం బిళ్ళ వేసి, కాసేపు పడుకోబెట్టి, ఆ తర్వాత ప్రార్థన చేసేవారు. చాలామందికి బిళ్ళతోనే తగ్గిపోయేది. అలాంటి ఇంట్లో పుట్టిన దాన్ని ఇప్పుడు ఇది రాస్తున్నాను. నవ్వుకునేవాళ్ళు నవ్వుకోవచ్చు. నేనూ ఒకప్పుడు అదే పని చేసేదాన్ని.

గుడివాడలో నాకు చిన్న డీటీపీ సెంటర్ ఉంది. శుభలేఖలు, ఫ్లెక్సీలు, కాలేజీ బ్రోచర్లు చేస్తాను. కడుపు నిండేది వాటితోనే. మనసు నిండేది మాత్రం పుస్తకాలకు పేజీలు కట్టే పనితో. అందులోనూ డిజైనర్ల జీవితాల మీద వచ్చే పుస్తకాలంటే నాకు పిచ్చి. అక్షరాలు గీసినవాళ్ళు, కుర్చీలు తయారు చేసినవాళ్ళు, కంపెనీలకు గుర్తులు వేసినవాళ్ళు, ఇలా ఒక బీరువా నిండా ఉన్నాయి. అందరూ దూరదేశాలవాళ్ళే. ఆ పుస్తకాలన్నిటికీ ఒక అలవాటు ఉంది. మొదట్లో ఆ మహానుభావుడి ఫొటో పేజీ నిండా ఉంటుంది. ఆయన భార్య చివర్లో, కృతజ్ఞతల కింద, వేళకి కాఫీ ఇచ్చినందుకు ఒక్క వాక్యంలో ఉంటుంది.

అందుకే బందరు నుంచి ఉమ గారు వచ్చి, వాళ్ళ నాన్నగారి జీవితం మీద పుస్తకం వేయాలి, పేజీలు మీరే కట్టాలి అన్నప్పుడు ఎగిరి గంతేశాను. ఆయన కలంకారీ అద్దకానికి డిజైన్లు గీసి, వాటిని టేకు చెక్క మీద అచ్చులుగా చెక్కిన మనిషి. పెడన, బందరు చుట్టుపక్కల చాలా షెడ్లలో ఇవాళ్టికీ ఆయన గీసిన తీగలే గుడ్డల మీద పడుతున్నాయి. ఆయన పోయి కొన్నేళ్ళయింది. ఉమ గారు ఒక్కతే కూతురు, స్కూల్లో లెక్కల టీచరు.

ఫొటోల కోసం బందరులో వాళ్ళింటికి వెళ్ళాను. విషయాలన్నీ ఉమ గారే చెప్పారు. వాళ్ళమ్మగారు సుగుణమ్మ గారు పక్కనే కూర్చుని చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తున్నారు. నేను లేచేటప్పుడు మాత్రం ఒక మాట అడిగారు.

"మేమిద్దరం కలిసి దిగిన ఫొటో ఒక్కటీ లేదమ్మాయ్. పుస్తకంలో నన్నో పేజీలో, ఆయన్ని ఎదురు పేజీలో వేస్తావా? ఆయన నా వంక చూస్తున్నట్టు?"

"పుస్తకం నాన్న గురించమ్మా" అన్నారు ఉమ గారు.

"తెలుసులేవే. నాకు ఇంకేం వద్దు, ఆ ఒక్కటీ చాలు."

నా బీరువాలో పుస్తకాలు గుర్తొచ్చి, దానికేముందండీ, తప్పకుండా వేస్తానని మాటిచ్చేశాను.

ఆవిడ ఫొటో పెళ్ళయిన కొత్తల్లోది. కాస్త కుడివైపుకి చూస్తుంటారు. దాన్ని ఎడమ పేజీలో పెట్టాను. కుడి పేజీకి ఆయన ఫొటో. ఆయనవి ఉన్నవాటిలో బాగున్నది అదొక్కటే. కుర్చీలో కూర్చుని ఉంటారు, ఒళ్ళో ఒక అచ్చు ఉంటుంది. ఒళ్ళంతా కెమెరాకి ఎదురుగానే ఉంది. తల మాత్రం ఫొటోలో కుడిపక్కన ఉన్న కిటికీ వైపు తిరిగి ఉంది. అంటే ఉన్నదున్నట్టు వేస్తే ఆయన భార్యని వదిలేసి పేజీ బయటికి చూస్తుంటారు.

ఇలాంటివి మాకు మామూలే. ఫొటోని అద్దంలో బొమ్మలా తిప్పేస్తాం. మౌస్ ఒక్క నొక్కు నొక్కితే సరిపోతుంది. తిప్పాను. కిటికీ ఎడమపక్కకి వచ్చింది, ఆయన చూపు సుగుణమ్మ గారి మీదికి వచ్చింది. ఆయనకి ఎడమవైపు ఉండాల్సిన చొక్కా జేబు కుడివైపుకి పోయింది గానీ, అది ఎవరు పట్టించుకుంటారులే అనుకున్నాను.

ప్రింట్ తీస్తే కిటికీ మళ్ళీ కుడిపక్కనే ఉంది, ఆయన పేజీ బయటికే చూస్తున్నారు.

సేవ్ చేయలేదేమో అనుకుని మళ్ళీ తిప్పి సేవ్ చేశాను. మళ్ళీ అంతే. పేజీలో తిప్పడం మానేసి, అసలు ఫొటోనే తిప్పి, వేరే పేరుతో దాచి, దాన్ని తెచ్చి పెట్టాను. అయినా అంతే. సిస్టమ్ బాగుచేసే ప్రసాద్‌ని పిలిపించాను. అతను అంతా చూసి, "మీరే పాత ఫొటో పెట్టుంటారు మేడమ్, కాస్త నిద్రపోండి" అని సలహా చెప్పి వెళ్ళిపోయాడు. పుస్తకంలో మిగతా ఫొటోలు వందకి పైనే ఉన్నాయి. వాటిలో ఏదీ కదల్లేదు.

ఆ మధ్యాహ్నం ప్రింటర్ పక్కనే నిలబడి చూశాను. బయట ఆటోల హారన్లు, పక్క కొట్లో మిక్సీ మోత. స్క్రీన్ మీద ఆయన ఆవిడనే చూస్తున్నారు. అది కళ్ళారా చూసుకుని ప్రింట్ నొక్కాను. కాగితం పై అంచు కొద్దికొద్దిగా బయటికి వస్తోంది. ముందు కిటికీ చువ్వలు రావాలి, ఎడమపక్కన. ఆ పక్కన ఉత్త గోడ వచ్చింది. చువ్వలు కుడిపక్కన మొదలయ్యాయి. తర్వాత జుట్టు, నుదురు, కళ్ళజోడు. ముక్కు అచ్చయ్యేసరికి నాకు తెలిసిపోయింది, ఆయన బయటికే చూస్తున్నారని. తల ఎత్తి స్క్రీన్ వైపు చూశాను. ఇందాక ఆవిడ వైపు ఉన్న మనిషి అక్కడా బయటికి తిరిగిపోయి ఉన్నారు.

నేను మౌస్ ముట్టుకోలేదు. షట్టర్ దించేసి ఇంటికి వెళ్ళిపోయాను. ఆ పుస్తకం ఎవరికైనా అప్పగించి వదిలించుకుందామా అని కూడా అనిపించింది. కానీ ఆవిడకి ఇచ్చిన మాట ఉంది.

చివరికి ప్రింట్ తీసిన కాగితాలన్నీ పట్టుకుని బందరు వెళ్ళాను. ఏదో సాఫ్ట్‌వేర్ ఇబ్బంది అని చెప్పడానికి మాటలు సిద్ధం చేసుకున్నాను. సుగుణమ్మ గారు ఆ రెండు పేజీలూ చూసి మెల్లిగా అడిగారు.

"తిరగలేదా?"

ఫొటో తిప్పలేదా అనలేదావిడ. ఆ మాటతో నా అబద్ధం నోట్లోనే ఉండిపోయింది. జరిగిందంతా చెప్పేశాను. ఉమ గారు నన్ను జాలిగా చూశారు. సుగుణమ్మ గారికి మాత్రం ఆశ్చర్యమే లేదు.

"ఇది ఒళ్ళో పిల్లప్పటి మాట" అని కూతుర్ని చూపించి మొదలుపెట్టారు. "నాకు చెప్పకుండా ఆయన నా పేరు తీగలో కలిపి చీర అంచుకి అచ్చు చెక్కారు. పువ్వు ఎటు తిప్పినా పువ్వే కదమ్మా. అక్షరం అలా కాదు. చెక్క మీద దాన్ని తిప్పి చెక్కితేనే గుడ్డ మీద సరిగ్గా పడుద్ది. ఆ సంబరంలో ఆ సంగతే మర్చిపోయారు. షెడ్డులో అందరి ముందూ చీర పరిచి చూపిస్తే, ఈ కొస నుంచి ఆ కొసదాకా నా పేరు తిరగబడి ఉంది."

"అందరూ నవ్వారా?" అన్నాను.

"వాళ్ళెవరూ నవ్వలేదు. నేనే నవ్వాను. ఆపుకోలేకపోయాను. అద్దం ముందు నిలబడి కట్టుకోవాలా అని కూడా అన్నాను. అంతే. తిట్టలేదు, చెయ్యెత్తలేదు. పెడితే తిన్నారు, తెమ్మన్నవి తెచ్చారు. నా మొహం మాత్రం మళ్ళీ చూళ్ళేదు. పోయేదాకా చూళ్ళేదు."

ఉమ గారు ఫొటో ఉన్న కాగితం చేతిలోకి తీసుకున్నారు. తర్వాత, "మీ అమ్మని అడుగు, మీ అమ్మకి చెప్పు అని అన్నీ నాతోనే అనేవారు. అది నాన్న తీరు అనుకున్నాను" అన్నారు.

"ఉన్నట్టే వేసెయ్యమ్మాయ్" అన్నారు సుగుణమ్మ గారు. "బలవంతంగా తిప్పమని నేనడగడమే తప్పు. చూసుకోనీ, ఆ కిటికీనే చూసుకోనీ."

తిరుగు బస్సులో పెడన దాటినా అదే తలుచుకుంటున్నాను. ఒక నవ్వుకి ఒక జన్మంతా శిక్షా అని ఆయన మీద కోపం వచ్చింది. భయం కూడా వేసింది, వేయలేదని చెప్పను.

ఆవిడ చెప్పినట్టే చేశాను. ఫొటోని తిప్పకుండా పెట్టాను. ప్రెస్ నుంచి వచ్చిన ఆఖరి ప్రూఫులో ఆయన బయటికే చూస్తున్నారు. ఉమ గారూ నేనూ ఇద్దరం చూసుకుని సంతకాలు పెట్టాం. విజయవాడలో అచ్చయి, పుస్తకాల కట్టలు గుడివాడ బస్టాండుకి పార్సిల్లో వచ్చాయి. సెంటర్‌లో కట్ట విప్పి, వాసన చూసి, ఆ పేజీ తెరిచాను.

ఆయన సుగుణమ్మ గారి వంక చూస్తున్నారు.

ప్రెస్ వాళ్ళు తిప్పేసి ఉంటారు, అదే నాకు ముందు తట్టింది. అలా తిప్పి ఉంటే కిటికీ ఎడమపక్కకి రావాలి. రాలేదు. కిటికీ కుడిపక్కనే ఉంది. జేబు ఆయనకి ఎడమవైపే, ఉండాల్సిన చోటే ఉంది. ఒళ్ళోని అచ్చు కూడా కదల్లేదు. ఫొటో అంతా ఎలా ఉన్నదో అలాగే ఉంది, తల ఒక్కటే ఇటు తిరిగింది. ఇంకో కాపీ తెరిచాను. ఇంకోటి తెరిచాను. కట్టలన్నీ విప్పేశాను. అన్నిట్లో అలాగే ఉన్నారు. ఇప్పటిదాకా ఆ ఫొటోలో కనిపించని ఆయన ఎడమచెంప కనిపిస్తోంది, దాని మీద చిన్న పుట్టుమచ్చ ఉంది. ఉమ గారికి ఫోన్ చేసి, మీ నాన్నగారికి పుట్టుమచ్చ ఉండేదా అని మాత్రం అడిగాను. "ఎడమచెంప మీద ఉండేది, ఏ ఫొటోలోనూ పడలేదు. మీకెవరు చెప్పారు?" అన్నారు.

ప్రెస్ అతను తను దేన్నీ ముట్టుకోలేదని ఒట్టేశాడు. అతని దగ్గరున్న ఫైల్లో ఆయన కిటికీనే చూస్తున్నారు. నా దగ్గరున్న ఫైల్లోనూ అంతే, వాళ్ళింట్లో ఉన్న అసలు ఫొటోలోనూ అంతే. ఇన్నేళ్ళుగా ఇదే పనిలో ఉన్నాను, ఫొటోలతో ఏమేం చేయొచ్చో నాకు తెలుసు. ఇది ఎలా జరిగిందో మాత్రం నేను చెప్పలేను. మా నాన్న ఉండి ఉంటే బిళ్ళ వేసుకుని పడుకోమనేవారు. వేసుకున్నాను కూడా.

మర్నాడు పొద్దున్నే పుస్తకం తీసుకెళ్ళి, ఏమీ చెప్పకుండా సుగుణమ్మ గారి చేతిలో పెట్టాను. ఆవిడ కళ్ళజోడు తుడుచుకుని ఒక్కో పేజీ తిప్పుతూ, ఆ రెండు పేజీల దగ్గర ఆగారు. ముందు వేలితో ఆ పుట్టుమచ్చ తడిమారు. అంతలోనే నవ్వు తన్నుకొచ్చింది. చటుక్కున కొంగు తీసి నోటికి అడ్డం పెట్టుకున్నారు.

"ఏంటమ్మా, ఏమైంది?" అంటూ ఉమ గారు కంగారుగా దగ్గరికి వచ్చారు.

"ఉష్, నవ్వకూడదే" అన్నారావిడ కొంగు తియ్యకుండానే, గుసగుసగా. "మళ్ళీ మొహం తిప్పేసుకుంటారు."