రెండు ఫారాలు, ఒకటే చేతిరాత

మొన్న పక్కింటాయన ఏదో బ్యాంకు ఫారం పట్టుకొచ్చాడు. కోస్తా నుంచి వచ్చి మా మేడ్చల్‌లో ఇల్లు కొనుక్కున్న ఉద్యోగస్తుడు, మర్యాదస్తుడు. “మాస్టారూ, మీ దస్తూరి ముత్యాల్లా ఉంటుందటగా, కాస్త నింపి పెడతారా?” అన్నాడు. చెయ్యి నొప్పిగా ఉందని పచ్చి అబద్ధమాడి పంపేశాను. ముప్పై ఏళ్లు బడిలో నల్లబల్ల మీద రాసి సంపాదించుకున్న దస్తూరి అది. ఒకప్పుడు ఎవరైనా అడిగితే పొంగిపోయేవాణ్ణి. మా బామ్మర్ది పుణ్యమా అని ఆ ముచ్చట తీరిపోయింది.

బామ్మర్దంటే మా ఆవిడ తమ్ముడు. శామీర్‌పేట దగ్గర మా మామకు భూములున్నాయి, వాటిలో కొన్ని ఈమధ్య ప్లాట్లయ్యాయి. ఆ ప్లాట్లు చూపించేదీ, బేరాలు కుదిర్చేదీ, ఇస్త్రీ నలగని తెల్లచొక్కాతో పెద్ద కారులో తిరిగేదీ ఇతగాడే. పండగొస్తే చాలు, రోడ్డు పొడవునా ఫ్లెక్సీల్లో చేతులు జోడించి నవ్వుతుంటాడు. ఇంట్లో పెళ్లాంతో నవ్వుతూ మాట్లాడిన రోజు మాత్రం నేనెరగను. ఆ అమ్మాయి నన్ను అన్నా అని నోరారా పిలిచేది. ఓపిక పట్టి పట్టి, చివరికి ఒకటో తరగతి చదివే కూతుర్ని తీసుకుని యాప్రాల్‌లోని పుట్టింటికి వెళ్లిపోయింది. ఇతగాడు ఆ రోజే బిడ్డ స్కూలు ఫీజు కూడా కట్టడం మానేశాడు. ఆమె భరణం కోసం కోర్టులో దరఖాస్తు వేసింది.

అలాంటి కేసుల్లో మొగుడూ పెళ్లాం ఇద్దరూ తమ ఆస్తి, ఆదాయం, ఖర్చులు ప్రమాణపూర్వకంగా రాసివ్వాలి. ఆ సంసారం ఎలా బతికింది, పిల్లకేం కావాలి, ఎవరి చేతిలో ఏముంది అన్నీ చూసి జడ్జి తేలుస్తారు. వకీలు ఇచ్చిన అచ్చు ఫారం తిన్నగా నా ఒళ్లోకి వచ్చి పడింది. ఆ ఇంట్లో కాగితం ఏదైనా నేనే రాయాలి మరి. బామ్మర్ది సోఫాలో జారగిలబడి చెబుతుంటే నేను రాస్తున్నాను. ఉద్యోగం లేదు. వ్యాపారం లేదు. కారు వాళ్ల నాయిన పేరు మీద, భూమి కూడా ఆయన పేరు మీదే. మరి నువ్వేం చేస్తావని రాయాలిరా అని అడిగాను.

“నాయినతోని పొలం కాడికి పోతనని రాయి బావా. గంతే.”

చెప్పులకు మట్టి అంటుతుందని గట్టు మీద కారు కూడా దిగని మనిషి! ఒళ్లు మండిపోయింది. మా అత్త చాయ్ తెచ్చి ఎదురుగా కూర్చుంది, మా ఆవిడ గుమ్మంలో నిలబడి నా చేతివైపే చూస్తోంది. అల్లుడి మొహమాటం అని సరిపెట్టుకున్నాను గానీ అది పిరికితనమే. అక్షరం అక్షరం గుండ్రంగా రాసి ఇచ్చాను.

ఆ తర్వాత వాయిదాలు. ఒకసారి వాళ్ల వకీలు రాడు, ఒకసారి మా వకీలు రాడు, ఒకసారి ఇద్దరూ వస్తే జడ్జి సెలవు. ఫీజు బాకీ తీరేదాకా, ఇంకో బడిలో చేర్చడానికి టీసీ ఇవ్వనంది స్కూలు. జాకెట్లు కుట్టి ఇల్లు నెట్టుకొస్తున్న తల్లి ఎక్కణ్ణుంచి తెస్తుంది? ఆ పిల్ల ఒక ఏడాదంతా ఇంట్లోనే కూర్చుంది. తల్లికి డిగ్రీ ఉంది, సంపాదించుకోగలదు అని మా వకీలు వాదించాడు. సంపాదించగలగడం వేరు, సంపాదించడం వేరు అని జడ్జి అతణ్ణి కూర్చోబెట్టింది.

ఆ రోజే ఆ అమ్మాయి తరఫు వకీలు ఇంకో కాగితం తీశాడు. పిల్లను స్కూల్లో చేర్చేటప్పుడు ఇచ్చిన దరఖాస్తు. అదీ బామ్మర్ది చెబుతుంటే నేనే నింపాను. అంత పెద్ద స్కూల్లో సీటు రావాలంటే దర్పం ఉండాలని, తండ్రి వృత్తి రియల్ ఎస్టేట్ వ్యాపారం అని రాయించాడు. ఆదాయం అంకెలు గడిలో పట్టక పక్కకు జరిపి రాశాను. జడ్జి రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టి, ఇదేమిటని అడిగింది. మా వాడు ఒక్క క్షణమైనా ఆలోచించకుండా వెనక బెంచీలో ఉన్న నన్ను చూపించాడు.

“రెండూ మా బావనే రాసిండు మేడం. కావాల్నంటే రాత జూడుండ్రి.”

“రాసిందాయనే. సంతకాలు మీవే కదా?” అంది జడ్జి.

బయట వరండాలో ఆ అమ్మాయి నా ఎదురుగా వచ్చి నిలబడింది. తిడుతుందనుకున్నాను. తిట్టినా బాగుండేది.

“పైసల సంగతి ఇడిసిపెట్టన్నా. నా బిడ్డ బడికి పోతలేదని నీకెరికే గదా. సారువు నువ్వు. గట్లెట్ల రాసినవ్?”

 

దరఖాస్తు వేసిన తేదీ నుంచే భరణం కట్టాలని ఉత్తర్వు వచ్చింది. బకాయిలతో సహా కట్టక తప్పలేదు బామ్మర్దికి. ఆ పిల్ల మళ్లీ బడికి వెళుతోంది, తనకంటే చిన్నవాళ్ల పక్కన కూర్చుని రెండో తరగతి చదువుతోంది. డబ్బయితే వెనక తేదీ నుంచి లెక్కగట్టి ఇప్పించారు. ఆ పిల్ల ఇంట్లో కూర్చున్న ఏడాదిని ఏ తేదీ నుంచి లెక్కగట్టి ఎవరు ఇప్పిస్తారు?