నెమలి కోటు

రాజాంలో బియ్యం కొట్టు నడిపే ఆనంద్‌కుమార్ నోట్లో ఎప్పుడూ నాలుగు గింజలు నలుగుతుంటాయి. బస్తాలో చువ్వ గుచ్చి శాంపిల్ తీసిన చేతిని లుంగీకి తుడుచుకుని, అదే చేత్తో ఫోనులో తుపాకుల ఆట ఆడతాడు. ఆ ఆటలో బొమ్మకు తొడిగే కోట్లు, టోపీలు ఒకరి అకౌంటు నుంచి మరొకరికి పంపుకోవచ్చు. మేనమామ కూతురు పింకీ ఏడాదంతా ఆడి నెమలి ఈకల కోటు గెలుచుకుంది. ఆమె కొత్త ఫోను కొంటోందని తెలిసి, "పాత ఫోనుతో పాటు అకౌంటూ పోతాదే. కోటు నాకాడ దాసు" అన్నాడు. దాచింది. తీరా చూస్తే కొత్త ఫోనులో అకౌంటు చెక్కుచెదరలేదు. బొమ్మ ఒంటి మీద మాత్రం బనీను మిగిలింది.

ఆ సాయంత్రమే కొట్టుకొచ్చి అడిగింది. "దీపాలెట్టాక సరుకు బయటికియ్యకూడదే, రేపు రా" అన్నాడు. పొద్దున్నే వస్తే, "బోణీ అవ్వకుండా ఉత్తినే ఎలాగిస్తానే?" అన్నాడు గింజలు నములుతూ. మధ్యాహ్నం ఎండలో మళ్ళీ వచ్చింది.

"ఇప్పుడు దీపాలూ లేవు, బోణీ కూడా అయిపోనాది. ఇచ్చీ బావా."

"ఇస్తానే, కూకో" అని ఆమెను బస్తా మీద కూర్చోబెట్టాడు. ఫోను ఆమెకు కనబడేలా పట్టుకుని, ముక్కూమొహం తెలియని ఎవడి అకౌంటుకో ఆ కోటు పంపేశాడు. తర్వాత ఫోను వంక చూడనే లేదు. నమలడం ఆపి పింకీ మొహాన్నే చూస్తూ కూర్చున్నాడు. ఆమె కళ్ళలో నీళ్ళు తిరిగాక, మళ్ళీ నెమ్మదిగా నమలడం మొదలుపెట్టాడు.