బీట్‌రూట్ కూర తిన్న మర్నాడు

మా మామగారు నన్ను ఆ మాట అడిగిన రోజు నేను వంటింట్లో పీట వేసుకుని బీట్‌రూట్ తరుగుతున్నాను. అత్తగారు పక్కింటికి వెళ్లారు. ఆయన వంటింటి గడప అవతలే నిలబడి, గొంతు సవరించుకుని, నావైపు కాకుండా గోడకున్న క్యాలెండర్ వైపు చూస్తూ అడిగారు.

"బిడ్డా, ఒక మాట అడుగుత. ఏమనుకోకు."

"చెప్పండి మామయ్యా."

"గీ కూర తిన్నంక... మర్నాడు ఒంటికి పోతే ఎర్రగ అయితదా?"

అడగడానికి ఆయనకెంత కష్టమైందో నాకు అర్థమైంది. ఆయనను ఇబ్బంది పెట్టకూడదని నేనూ కత్తిపీట మీద నుంచి తల ఎత్తకుండానే జవాబు చెప్పాను.

"అవుతుంది మామయ్యా. అందరికీ కాదు, కొందరికి అవుతుంది. ఆ రంగు కడుపులో అరగదు, అలాగే బయటికి వచ్చేస్తుంది. భయపడాల్సిందేం లేదు."

"గంతేనా?"

"అంతే."

ఆయన తల ఊపి వెళ్లిపోయారు. మొత్తం ఒక నిమిషం కూడా పట్టి ఉండదు. నేను చెప్పినదాంట్లో అబద్ధం లేదు. ఇన్నేళ్లుగా హైస్కూల్లో సైన్సు పాఠాలు చెప్తున్నదాన్ని, ఆ సంగతి నాకు బాగా తెలుసు. ఎన్నిసార్లు అవుతోంది, కూర తినని రోజు కూడా అవుతోందా అని ఒక్క మాట తిరిగి అడగాలని మాత్రం నాకు తోచలేదు.

మా ఇల్లు పాత బస్తీలో, చాంద్రాయణగుట్ట బస్సులు పోయే రోడ్డు నుంచి లోపలికి మూడో గల్లీలో ఉంటుంది. ఇంటికి ఇరవై అడుగుల దూరంలో చిన్న గుడి. నాలుగు తరాలుగా ఆ గుడి అర్చకత్వం మా అత్తవారింటి వాళ్లదే. మామగారు తన ఇరవయ్యో ఏట మొదలుపెట్టారట. జ్వరమొచ్చినా, ఊళ్లో కర్ఫ్యూ ఉన్నా, తెల్లవారుజామున స్నానం చేసి తడిబట్టతో వెళ్లి గుడి తలుపు తీయడం ఆయన మానలేదు. మా ఆయన ఆఫీసు ఉద్యోగంలో చేరాడు. నేను మూసీకి అవతలి ఒడ్డున పెరిగిన దాన్ని. ప్రభుత్వోద్యోగం మీద కోస్తా నుంచి వచ్చి ఇక్కడే స్థిరపడ్డ కుటుంబం మాది.

బీట్‌రూట్ ఈ ఇంట్లోకి నాతోనే వచ్చింది. అంతకుముందు వీళ్లు తినేవాళ్లు కాదు. "ఏందో మట్టి వాసన" అని అత్తగారు దాన్ని ముట్టుకునేవారు కాదు. పెళ్లైన కొత్తలో ఒకరోజు నేను చేశాను. గుడివాళ్ల ఇల్లు కాబట్టి ఉల్లి, వెల్లుల్లి ఉండవు. ధనియాలు, శనగపప్పు, ఎండుమిరపకాయలు, నాలుగు ఎండుకొబ్బరి ముక్కలు దోరగా వేయించి, చల్లారాక బరకగా పొడి కొట్టాను. చేతులకు నూనె రాసుకుని బీట్‌రూట్‌ను గోరంత ముక్కలుగా తరిగి, ఆవాలు, జీలకర్ర, మినపప్పు, ఇంగువ, కరివేపాకు పోపులో వేసి, మీద పళ్లెం మూసి, ఆ పళ్లెంలో గ్లాసుడు నీళ్లు పోసి ఆవిరి మీద మగ్గనిచ్చాను. ముక్క మెత్తబడి, తడి అంతా ఇగిరాక పొడి చల్లాను. ధనియాల ఘాటు తగిలితే ఆ మట్టి వాసన ఎక్కడికి పోతుందో తెలియదు. దించేముందు నాలుగు చుక్కల నిమ్మరసం పిండాను.

మామగారు మొదటి వడ్డన పూర్తిగా తిన్నారు. మళ్లీ వడ్డించమని విస్తరి చూపించారు. ఆ ఇంట్లో నాకు దొరికిన మొదటి మెప్పు అదే.

ఆయన నన్ను ఆ ప్రశ్న అడిగిన కొద్ది రోజుల తర్వాత నుంచి, బీట్‌రూట్ కూర కావాలని తనంతట తానే అడగడం మొదలైంది. పొద్దున గుడి నుంచి వచ్చి, కాళ్లు కడుక్కుంటూ, "బిడ్డా, ఇయాల బీట్‌రూట్ చేస్తవా?" అనేవారు. వారానికి ఒకసారి చేసేది రెండుసార్లైంది, ఒక్కో వారం మూడుసార్లు కూడా చేశాను. తిండి విషయంలో నోరు తెరిచి ఇది కావాలని ఎన్నడూ అడగని మనిషి. నాకు గర్వంగా ఉండేది. మా అమ్మకు ఫోన్ చేసి కూడా చెప్పుకున్నాను.

అవి చలికాలపు రోజులు. ఎండలు ముదిరేసరికి ఆయన కొంచెం చిక్కారు. "ఏందో, మొహం గుంజుకపోయింది" అని అత్తగారు అన్నారు. ఎండలకేమో అనుకున్నాం. గుడి మెట్లు ఎక్కేటప్పుడు ఆగి ఆగి ఎక్కుతున్నారని మా ఆయన గమనించాడు. వయసు మీదపడుతోందనుకున్నాం.

ఏకాదశి నాడు ఆయన ఉపవాసం. పాలు, పండు తప్ప మరేమీ ముట్టరు. ఆ రోజు మధ్యాహ్నం నేను బడి నుంచి వచ్చేసరికి ఆయన స్నానాల గది గోడ పట్టుకుని నిలబడి ఉన్నారు. చెమటలు కారుతున్నాయి. అత్తగారు పక్కన నిలబడి ఏడుస్తున్నారు. నాలుగైదు గంటలుగా మూత్రం చుక్క రావడం లేదట, పొత్తికడుపు రాయిలా అయిందట. నేల మీద నీళ్లు పోసినా ఇంకా పోని నెత్తుటి మరక ఉంది. గడ్డకట్టిన నెత్తురు.

నేను ఆ మరక చూశాను. తర్వాత ఆయన మొహం చూశాను. ఆ రోజు ఆయన తిన్నది ఒక అరటిపండు. ముందు రోజు తిన్నది పెరుగన్నం. బీట్‌రూట్ ఇంట్లోకి వచ్చి వారం దాటింది. ఇదంతా నా బుర్రలో లెక్కలా గిర్రున తిరిగి ఒక్కచోట ఆగింది.

మా ఆయనకు ఫోన్ చేసి, ఆటో మాట్లాడి, ఆసుపత్రికి తీసుకెళ్లాం. గొట్టం వేసి నెత్తురంతా కడిగేదాకా ఆయనకు ప్రాణం కుదుటపడలేదు. డాక్టరు నాకంటే చిన్నవాడు. కాగితాల మీద రాసుకుంటూ అడిగాడు.

"ఎన్నాళ్ల నుంచి ఇలా రక్తం పడుతోంది పెద్దాయనా?"

మా ఆయన, "ఇవాళే సార్" అన్నాడు. అప్పుడు మామగారు కళ్లు మూసుకుని, చెయ్యి కొంచెం ఎత్తి కాదన్నట్టు ఊపారు.

"చలికాలం ముంగట్నుంచి అయితున్నది. ఒకరోజు అయితది, పది దినాలు ఏం ఉండది. మళ్ల అయితది. నొప్పి గిట్ల ఏం లేకుండె."

"మరి ఎవరికీ చెప్పలేదా?"

"చెప్పిన" అన్నారు. నావైపు చూడలేదు.

తర్వాతి వారమంతా పరీక్షలే. స్కాన్, కెమెరా, ముక్క తీసి పంపడం. మూత్రాశయంలో కాన్సర్ అని తేలింది. మొదట్లోనే వచ్చి ఉంటే లోపల గీకి మందులతో సరిపెట్టే వాళ్లమని, ఇప్పుడు గోడలోకి దిగింది కాబట్టి మొత్తం తీసేయక తప్పదని డాక్టరు చెప్పాడు. ఆ మాట విన్నాక నేను ఆసుపత్రి మెట్ల మీద చాలాసేపు కూర్చున్నాను. మా ఆయన వచ్చి పక్కన కూర్చుంటే చెప్పేశాను, మామగారు నన్ను అడిగిందీ, నేను చెప్పిందీ. "నన్నెందుకు అడగలేదు బాపు?" అని మాత్రం అన్నాడు. ఆ ప్రశ్న నన్ను అడిగినది కాదని నాకు తెలుసు.

ఆపరేషన్‌కు ముందు రోజు సాయంత్రం మంచం దగ్గర నేనొక్కదాన్నే ఉన్నాను. ధైర్యం తెచ్చుకున్నాను.

"మామయ్యా, ఆ రోజు మీరు అడిగినప్పుడు నేను సరిగ్గా అడిగి తెలుసుకోవాల్సింది. ఏమీ కాదని చెప్పాను. నావల్లే ఆలస్యమైంది."

ఆయన పైకప్పు వైపు చూశారు.

"నువ్వు చెప్పింది తప్పుగాదు బిడ్డా. నేను అడిగింది సగమే" అన్నారు. "కూర తినని దినం గూడ అయితుండె. గది నీకు చెప్పలే. చెప్తే దవఖానకు పోదాం అంటవని ఎర్కే. పోతే ఏదో ఒకటి అంటరు. గుడి ఎట్ల?"

మంచం అంచు పట్టుకుని కొంచెం నావైపు తిరిగారు.

"ఎర్రగ అయిన నాడు వచ్చి నిన్ను కూర చెయ్యమంటుంటి. తిన్నంక, గిది కూరదే అనుకుంటుంటి. తిన్నది మధ్యాహ్నం, అయింది పొద్దుగాల. అయినా గట్లనే అనుకుంటుంటి."

ఇన్నాళ్లూ నా చేతి వంట మీది ఇష్టమనుకున్నది ఆయన భయమని అప్పుడు తెలిసింది. పొద్దున్నే కాళ్లు కడుక్కుంటూ ఆయన అడిగిన ప్రతిసారీ, అంతకు కాసేపటి ముందు ఆయన ఏం చూసి వచ్చారో ఊహించుకున్నాను. ఆయన చెయ్యి పట్టుకున్నాను. పెళ్లయ్యాక ఆయన చెయ్యి పట్టుకోవడం అదే మొదటిసారి.

ఆపరేషన్ బాగానే జరిగింది. పొట్టకు కుడివైపున చిన్న రంధ్రం పెట్టి, మూత్రం పడడానికి దానికి ఒక సంచి తగిలించారు. ఇక జీవితాంతం అంతే. సంచి మార్చడం నేనూ అత్తగారూ నేర్చుకున్నాం. ఆయన మొదట నన్ను దగ్గరికి రానివ్వలేదు. తర్వాత అత్తగారికి చూపు ఆనక ఒకరోజు సరిగ్గా అతకకపోతే, ఆయనే నన్ను పిలిచి, తల పక్కకు తిప్పుకున్నారు.

గుడికి వెళ్లొద్దని ఆయనతో ఎవరూ అనలేదు. ఆయనే మానేశారు. "ఒంటి మీద గిది పెట్టుకొని గర్భగుడిల అడుగు పెట్టలేను. నాకే మనసొప్పది" అన్నారు. మా ఆయన చిన్నప్పుడు నేర్చుకున్న మంత్రాలన్నీ తండ్రి ముందు కూర్చుని మళ్లీ చదివాడు. తెల్లవారుజామున గుడి, తర్వాత ఆఫీసు. ఆపరేషన్ అయ్యాక మామగారు మొదటిసారి గుడికి వచ్చిన రోజు నేనూ వెంట వెళ్లాను. ఆయన ద్వారం బయట, గల్లీలోంచి వచ్చిన నలుగురి మధ్య నిలబడ్డారు. హారతయ్యాక మా ఆయన ఉద్ధరిణెతో తీర్థం ఇస్తూ వచ్చి తండ్రి ముందు ఆగిపోయాడు. మామగారు అరచెయ్యి చాచి, "ఆగొద్దు. ఎన్కల జనం ఉన్నరు" అన్నారు. తీర్థం పుచ్చుకుని, ఆ చెయ్యి తలకు రాసుకుని పక్కకు తప్పుకున్నారు. అప్పటిదాకా ఏడవని మనిషి, ఇంటికొచ్చి నడవలో కూర్చుని ఏడ్చారు. ఏడవనిచ్చాం.

బీట్‌రూట్ నేను కొనడం మానేశాను. మా గల్లీలోకి బండి తెచ్చే కూరగాయలాయన రెండు మూడుసార్లు చూసి, బీట్‌రూట్ కొనడమే మానేశారేమని అడిగేశాడు, "క్యా అమ్మా, చుకందర్ లేనాచ్ ఛోడ్‌దియే?" అని. ఇంట్లో ఎవరూ తినడం లేదని చెప్పాను. ఇంకెవరి బండి మీదైనా వాటిని చూస్తే మొహం తిప్పుకునేదాన్ని.

ఏడాదిన్నర గడిచాక, మొన్న కార్తీకంలో, మామగారు నడవలోంచి పిలిచారు.

"బిడ్డా, బీట్‌రూట్ దొరుకుతలేదా బజార్ల?"

అత్తగారు లోపలి నుంచి విసురుగా వచ్చారు. "ఏంది? మళ్ల గది ఎందుకు? గదొక్కటే కూరనా?"

"తినబుద్ధైతున్నదే. గంతే. గిప్పుడు ఉత్తగ తినబుద్ధైతున్నది" అన్నారాయన.

ఆ సాయంత్రం బండాయన దగ్గర అరకిలో తీసుకున్నాను. పొడి కొట్టడానికి ధనియాలు వేయించాను. తరుగుతున్నంతసేపూ అత్తగారు నా పక్కనే పీట వేసుకుని కూర్చున్నారు. మధ్యలో ఒకసారి చెయ్యి చాచి కత్తిపీట తన వైపు లాక్కున్నారు. ఇన్నేళ్లలో ఆవిడ బీట్‌రూట్ తరగడం నేను చూడలేదు. ముక్కలు పెద్దవీ చిన్నవీగా వచ్చాయి. కూర మగ్గడానికి ఎప్పటికంటే ఎక్కువసేపు పట్టింది.

వేడివేడిగా వడ్డించాను. ఆయన ముద్ద కలిపి నోట్లో పెట్టుకున్నారు.

"ఉప్పు తక్కువైంది" అన్నారు. నిజమే, తక్కువైంది. చిటికెడు చల్లుకుని మొత్తం తిన్నారు.

మర్నాడు పొద్దున సంచిలో రంగు చూసి అత్తగారు కేక వేశారు. నేను పరిగెత్తాను. గులాబీ రంగు, కొంచెం ఊదా కలిసినట్టు. మామగారు మంచం మీద లేచి కూర్చుని ఉన్నారు. "కూర తిన్న గదనే. లొల్లి చెయ్యకు" అంటున్నారు అత్తగారితో. తర్వాత నా మొహం చూశారు. నేను ఈసారి ఏమీ కాదని చెప్పలేదు.

"ఇది కూరదే అయి ఉంటుంది మామయ్యా. కానీ నాకు తెలియదు. వెళ్దాం పదండి."

ఆయన వాదించలేదు. "అంగీ ఇయ్యి" అన్నారు.

బడికి సెలవు పెట్టాను. చౌరస్తా దాకా నడిచి, ఆటోలో ఫ్లైఓవర్ కింది పరీక్షల కేంద్రానికి వెళ్లి నమూనా ఇచ్చి, రిపోర్టు కోసం అక్కడే కూర్చున్నాం. మధ్యాహ్నం డాక్టరుకు రిపోర్టు పంపితే ఆయనే ఫోన్ చేశాడు. రక్తం లేదని, అది తిన్నదాని రంగేనని, అయినా పరీక్ష చేయించుకోవడం మంచిదైందని చెప్పాడు.

ఫోన్ పెట్టేసి ఆ మాట మామగారికి చెప్పాను. ఆయన ప్లాస్టిక్ కుర్చీలో వెనక్కి వాలి, కండువాతో మొహం తుడుచుకున్నారు. "పొద్దుగాల్నుంచి ఏం తినలే. ఇంటికి పోదాం బిడ్డా" అన్నారు. ఆయన లేవడానికి నా భుజం అందించాను. ఇద్దరం మెల్లగా బయటికి నడిచాం.