వెలుగు తగిలిన రీలు

రేకు డబ్బా మూత తీయగానే గుప్పుమన్న పుల్లటి సిర్కా వాసన ఇంకా నా వేళ్లను వదల్లేదు. పాత ఫిల్ము పాడైతే అలాగే పులుస్తుందట. పన్నెండేళ్ల వయసులో, ఒక ఉగాది నాడు, ఆ డబ్బాను నేను ఎండలో తెరిచాను. పొరపాటున తెరిచానని చాలాకాలం నాకు నేనే చెప్పుకున్నాను. కాదు, కావాలనే తెరిచాను.

అప్పట్లో శామీర్‌పేట దగ్గర మాకు ద్రాక్షతోట ఉండేది. రాతి కడీల మీద అల్లుకున్న పందిరి, దాని కింద మిట్టమధ్యాహ్నం కూడా ఆకుపచ్చగా ఉండే నీడ, మైలుతుత్తం చల్లితే నీలం మరకలు పడిన ఆకులు, గంపల్లోని గుత్తుల తీపికి ముసిరే కందిరీగలు, అవ్వ కాల్చే భక్షాల నెయ్యి వాసన, అన్నీ కలిసి ఇప్పుడు ఒకే పొడవాటి ఎండాకాలంలా గుర్తొస్తాయి. ఆ ఏడు బ్రిటన్ నుంచి ఒకావిడ వచ్చి మా తోట గదిలో పది రోజులుంది. అందరూ దొరసాని అనేవారు. కథ లేకుండా, నటులు లేకుండా, చేత్తో తిప్పి నడిపే చిన్న కెమెరాతో ఒంటరిగా సినిమాలు తీసేది. చేపలు కోసే చేతులు, రొట్టెపిండి పిసికే చేతులు. ఇరవై ఏళ్లుగా అవే. పాఠాలు చెప్పిన జీతంతో రీళ్లు కొనుక్కునేది. మేడ్చల్‌లో ఇంగ్లీషు మీడియం చదివే నేనే ఆమెకు దుబాసీని.

నల్ల సంచిలోకి చేతులు మోచేతుల దాకా దూర్చి ఆమె రీలు మారుస్తుంటే నేను ఊపిరి బిగబట్టేవాణ్ని. వెలుగు తగిలితే అంతా పోతుందని పనివాళ్లకు నా చేతే చెప్పించింది.

ఉగాది పొద్దున కొత్త చొక్కా తొడుక్కుని కెమెరా ముందు నిలబడ్డాను. ఆమె నవ్వి, పక్కకు జరగమని, కాయ కోస్తున్న యాదమ్మ వైపు తిరిగింది. యాదమ్మ మా తోటలో కూలి. దొరసాని గది ఊడ్చేదీ ఆమే. పక్కన టేప్ రికార్డరు తిరుగుతోంది.

“ఏంది సిన్న పటేలా, నీ కొత్తంగి కన్న నా సేతులే మంచిగున్నయట!”

కూలివాళ్లంతా నవ్వారు. మధ్యాహ్నం వాళ్లు తినడానికి కూర్చున్నప్పుడు గదిలోకి వెళ్లి, పొద్దుటి రీలు ఎండలోకి తెచ్చి డబ్బా మూత తెరిచాను. బూడిదరంగు చుట్ట, అంతే. భయం వేసింది. డబ్బాను పురుగుమందుల గదిలో ఒక పెట్టె అడుగున దాచాను.

రీలు కనబడడం లేదని సాయంత్రం నాయిన అందరినీ వరసగా నిలబెట్టాడు.

“గదిలకు పోయేది నువ్వొక్కదానివే. ఏడ దాసినవే?”

యాదమ్మ కొంగు దులిపి చూపించింది. “నా పిల్లల మీద ఒట్టు పటేలా, నేను ముట్టలే. గా దొరసానికి జెర సెప్పు, బిడ్డా!”

ఆ చివరి మాట నాతో. ఆమె ఏమంటోందని దొరసాని నన్నడిగింది.

ఏమీ అనడం లేదన్నాను.

ఆ రోజే యాదమ్మను పనిలోంచి తీసేశారు. పిల్లల్ని తీసుకుని లాల్‌గడి మలక్‌పేట్ వెళ్లిపోయింది.

ఈమధ్య నగరంలో ఒక ఫిల్మ్ క్లబ్బు వాళ్లు దొరసాని సినిమాలన్నీ వరసగా వేశారు. మా తోట వచ్చింది. కడీలు, ఆకులు; ఉన్నట్టుండి తెర నల్లబడింది. మూడు నిమిషాల చీకటి. అందులో ఆనాటి టేపు మీది కత్తెర చప్పుడు, కందిరీగల రొద, కొత్తంగి గురించి యాదమ్మ మాట, నవ్వులు. ఆమె సినిమాలన్నిటిలో ఇంత సాహసమైన ప్రయోగం లేదని వక్త మెచ్చుకున్నాడు.

ఆ రీలు పాడుచేసింది నేనేనని దొరసానికి ఉత్తరం రాశాను. ఇవాళ, ఇన్నేళ్లూ నా దగ్గరే దాచుకున్న డబ్బా పట్టుకుని యాదమ్మ దగ్గరికి వెళ్లాను. అంతా విన్నది.

“నేను తియ్యలేదని నాకెర్కనే. మీ నాయినకు సెప్పినవా?”

“లేదు.”

“మరి నా కాడికెందుకొచ్చినవ్?”

తోట ఇప్పుడు ప్లాట్లు. కడీలు హద్దురాళ్లయ్యాయి. ఒకప్పటి మందుల గదే నాయిన ఆఫీసు. యాదమ్మను అక్కడికి తీసుకెళ్లి, నాయిన ఎదుటి కుర్చీలో కూర్చోబెట్టాను. పాత కూలివాళ్లలో దొరికిన నలుగురినీ పిలిచాను. బల్ల మీద డబ్బా పెట్టి మూత తీశాను. వాసనకు నాయిన ముక్కు మూసుకున్నాడు. మొదటి నుంచి చెప్పాను. ఆ సాయంత్రం యాదమ్మ అన్న మాటల్లో ఈసారి ఒక్కటి కూడా వదల్లేదు.