సిలువ గుర్తు వేసుకున్న శవం

లిపోవెట్స్‌లో ఏ పెళ్ళి ఫోటో చూసినా పెళ్ళికొడుకు చెవి పక్కన హీరోనిమ్ మొహం ఉంటుంది. తపాలా ఆఫీసులో ముద్రలు గుద్దే ఉద్యోగం. పోజు మాత్రం తపాలా బిళ్ళ మీద బొమ్మ తనదే అన్నట్టు.

అలాంటివాడి ఊరికి టీవీవాళ్ళు, రక్తం తాగే దొరసాని కథ తీయడానికి వచ్చారు. పాత జమీందారు భవంతిలో చిత్రీకరణ. ఆమె బలి తీసుకున్న ముసలి దొర శవంగా పడుకోవడానికి మనిషి కావాలి. బతికుండగానే సగం శవంలా ఉండే హీరోనిమ్ కంటే తగినవాడెవడు?

దొరసాని తన నుదుట ముద్దు పెడుతుందని మాంసం కొట్టు వరుసలో నిలబడ్డ ప్రతివాళ్ళకీ చెప్పాడు. ఆ వరుస కదిలేది కాదు, వినక ఎవరికీ తప్పలేదు.

"తెర నిండా నా మొహమే! నా పేరున్న పునీతుడి పండుగ రోజే, అంటే నాకు పుట్టినరోజులాంటి రోజే వేస్తారట. అందరూ మా ఇంటికే రావాలి!"

"శవం వేషానికే ఇంత బడాయా! బతికున్న వేషమిస్తే మమ్మల్ని బతకనిచ్చేవాడివేనా బావా?" అన్నాడు బావమరిది ఫెలిక్స్. మంగలి ఫెలిక్స్‌కి ఏడ్చేవాళ్ళ గుంపులో చోటు దొరికింది.

రంగుల ఫిల్ము కరువు రోజులు. ఒక్కసారి తీయడానికే సరిపోతుందని దర్శకుడు ముందే మొత్తుకున్నాడు. శవపేటికలో హీరోనిమ్ నిజంగానే బాగా చచ్చాడు. దొరసాని వంగింది. పెదవులు జానెడు దూరంలో ఉండగా గుడిలో మధ్యాహ్నపు త్రికాల ప్రార్థన గంట మోగింది. చిన్నప్పటి అలవాటు, చచ్చినా పోతుందా? నుదురు, ఛాతీ, రెండు భుజాలు తాకుతూ శవం తీరుబడిగా సిలువ గుర్తు వేసుకుంది. చుట్టూ ఉన్న ఊరివాళ్ళూ వేసుకున్నారు. వాళ్ళు బతికున్నవాళ్ళు గనుక చెల్లిపోయింది.

"ఒరేయ్ శవమా! చచ్చినట్టు పడుండలేవా?" అని దర్శకుడు అరిచాడు.

"గంట కొట్టారు కదండీ," అంది శవం, కళ్ళు తెరవకుండానే.

హీరోనిమ్ ఇంటికెళ్ళి ఈ సంగతి పెళ్ళానికి కూడా చెప్పలేదు. శవం చెయ్యి లేచినంత మాత్రాన అంత మంచి మొహాన్ని సినిమాలోంచి ఎవరు కోసేస్తారులే అనుకున్నాడు.

పండుగ సాయంత్రం ఇల్లు నిండిపోయింది. ఉప్పుచేపలు, ఊరేసిన దోసకాయలు, వోడ్కా. తెర మీద దొరసాని వంగింది. ముద్దు దగ్గరికి రాగానే బొమ్మ మారింది. పేటిక లేదు, శవం లేదు. తెర నిండా ఫెలిక్స్ మొహం, కన్నీళ్ళతో సిలువ గుర్తు వేసుకుంటూ.

"మీరేరండీ?" అంది భార్య లెయోకాదియా.

"వాడి ముందే ఉన్నాను. కాస్త కింద."

"ఇంకా కిందకి తోసేశారేమో, పాతాళంలో చూడండి!" అన్నాడొకడు.

గది ఘొల్లుమంది. అందరూ గ్లాసులెత్తి, నూరేళ్ళు బతకమని ఫెలిక్స్‌ని దీవించారు. పండుగ ఎవరిదో ఎవరికీ గుర్తులేదు.

"బావా, నా గ్లాసు ఖాళీ," అన్నాడు ఫెలిక్స్, మొహం కాస్త పక్కకి తిప్పి, అప్పుడే సినిమా నటుడిలా.

హీరోనిమ్ పోశాడు.